విజయవాడ నుంచి ఓబో వాద్యకారుడిగా, ఆపై మ్యూజిక్ కండక్టర్‌గా ఎదగాలంటే

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతంలో జంట రెల్లు పీకతో ఊదే కర్ర వాద్యమైన ఓబోను వృత్తిగా చేపట్టి, కొన్నేళ్లకు ఆర్కెస్ట్రాను నడిపే కండక్టర్ కావాలనుకునే విజయవాడ, గుంటూరు విద్యార్థులు వాద్యం కొనడానికి తొందరపడకూడదు. ముందు గురువును వెతుక్కోవాలి, వెంటనే రీడులు (నోటితో పట్టి ఊదే రెల్లు పీకలు) ఎక్కడి నుంచి వస్తాయో తేల్చుకోవాలి, ఈ రెండూ కుదిరాకే వాద్యం మీద డబ్బు పెట్టాలి. మన దుకాణాలలో కీబోర్డు, గిటారు, తబలా దొరికినంత తేలికగా ఓబో రీడు దొరకదు. పైగా మంచి రీడు కూడా పది పదిహేను గంటలు వాయించేసరికి పలుకు కోల్పోవడం మొదలవుతుంది.

గురువు విషయంలో శ్రమ తప్పదు. విజయవాడలోని ఘంటసాల వెంకటేశ్వరరావు ప్రభుత్వ సంగీత నృత్య కళాశాలలో కర్ణాటక సంగీతం నేర్చుకుంటే చెవికీ లయకూ గట్టి పునాది పడుతుంది గాని, ఓబో కోసం బయటికి చూడాల్సిందే. చెన్నైలో ఏ.ఆర్. రెహమాన్ 2008లో స్థాపించిన కె.ఎం. మ్యూజిక్ కన్సర్వేటరీ ఉంది. ముంబైలోని కళా ప్రదర్శనల కేంద్రం ఎన్‌సీపీఏలో 2006లో ఏర్పడిన సింఫనీ ఆర్కెస్ట్రా ఆఫ్ ఇండియా ఉంది. ఈ రెండు చోట్లా ఓబో చెప్పేవారు ప్రస్తుతం ఉన్నారా, బయటి విద్యార్థులను తీసుకుంటారా అని ముందే రాసి అడగాలి. వారం వారం ఆన్‌లైన్ పాఠం పెట్టుకోవచ్చు, కాని అది ఒక్కటే చాలదు. పెదవుల పట్టు సరిగా ఉందో లేదో, నాదంలో లోపం రీడుదో ఊపిరిదో గురువు ఎదురుగా కూర్చుని వింటే తప్ప తెలియదు. పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో ఉదయం బయలుదేరితే మధ్యాహ్నానికి చెన్నై చేరవచ్చు కాబట్టి, ఏడాదిలో కొన్నిసార్లయినా నేరుగా పాఠం చెప్పించుకునే ఏర్పాటు చేసుకోవాలి.

ఈ ప్రాంతపు విద్యార్థికి ఒక అనుకూలత ఉంది, దాన్ని వదులుకోకూడదు. ఓబోలాగే నాదస్వరం కూడా జంట రెల్లు పీకతో పలికే వాద్యం. కరవదిలో పుట్టిన నాదస్వర విద్వాంసుడు షేక్ చినమౌలానా (1924–1999) చిలకలూరిపేట ఆదం సాహెబ్ వద్ద శిక్షణ పొందారు. అంతటి పరంపర మన పక్కనే ఉంది. నాదస్వర విద్వాంసులు పీకల గుత్తిని వాద్యానికే వేలాడదీసుకుని, కచేరీ మధ్యలో ఒకటి మొరాయిస్తే ఇంకొకటి తొడుక్కుంటారు. పీకను అంత శ్రద్ధగా కనిపెట్టుకుని ఉండే అలవాటు ఓబోకు నేరుగా పనికివస్తుంది. ఊపిరి పద్ధతి మాత్రం వేరు. నాదస్వరం ఊపిరిని ధారాళంగా తీసుకుంటుంది. ఓబో రీడు సందు ఎంత సన్నమంటే ఊదిన గాలి చాలా కొద్దిగానే లోపలికి పోతుంది, మిగిలినది ఛాతీలో నిలిచిపోయి ఉక్కిరిబిక్కిరి చేస్తుంది. అందుకే సంగీత వాక్యం ముగిసిన చోట ముందు పాత గాలిని వదిలి, ఆ తరువాతే కొత్త ఊపిరి తీసుకోవాలి. ఎక్కడ వదలాలో, ఎక్కడ పీల్చాలో నొటేషన్ మీద పెన్సిలుతో వేర్వేరు గుర్తులు పెట్టుకోవడం మొదటి నెల నుంచే అలవాటు కావాలి.

రీడు కట్టడం రెండో ఏడాదిలోనైనా మొదలుపెట్టాలి. వృత్తిలో ఉన్న ఓబో వాద్యకారులలో చాలామంది తమ రీడులు తామే తయారు చేసుకుంటారు. అరుండో డోనాక్స్ అనే రెల్లు ఇందుకు వాడతారు. దక్షిణ ఫ్రాన్స్‌లోని వార్ ప్రాంతపు రెల్లుకు పేరుంది. సుమారు 10 మిల్లీమీటర్ల వ్యాసం ఉన్న గొట్టాన్ని నిలువుగా చీల్చి, మధ్యలో దాదాపు 0.6 మిల్లీమీటర్ల మందం మిగిలేలా లోపలి వైపు తొలిచి, నానబెట్టి, రెండుగా మడిచి, 47 మిల్లీమీటర్ల లోహపు గొట్టానికి నైలాన్ దారంతో బిగించి కడతారు. అసలు పని ఆ తరువాత గీకడంలో ఉంది. మడత కొన కోసి, విడిన రెండు రేకుల మధ్య పలుచని లోహపు బిళ్ల పెట్టి, పదునైన కత్తితో కొన వైపు అతి తేలికగా గీకి, ప్రతి రెండు మూడు గీకులకు ఒకసారి దీపం వెలుగుకు ఎదురుగా పట్టి చూడాలి. కొన దగ్గర వెలుతురు రెండు వైపులా సమానంగా కనిపించాలి, ఒక మూల చీకటిగా ఉంటే అక్కడే ఇంకా గీకాలి. పూర్తయిన రీడు 70 నుంచి 72 మిల్లీమీటర్లు ఉంటుంది. రోహిణి కార్తె ఎండల్లో చక్కగా పలికిన రీడు ముసురు పట్టిన రోజున బరువెక్కుతుంది. కట్టిన తేదీ, ఆనాటి వాతావరణం పుస్తకంలో రాసుకుంటూ పోతే మన గాలికి ఏ మందం నప్పుతుందో క్రమంగా తెలుస్తుంది.

వాద్యం సాధారణంగా గ్రెనడిల్లా అనే నల్లని గట్టి కర్రతో చేస్తారు. కొత్త కర్ర వాద్యం ఉష్ణోగ్రత, తేమ హఠాత్తుగా మారితే చిట్లిపోవచ్చు. ఏసీ గదిలో చల్లబడిన వాద్యాన్ని తీసి వెంటనే వేడి ఊపిరి ఊదకూడదు. పై భాగాన్ని కాసేపు చేతుల మధ్య వెచ్చబరచాలి. మొదటి వారాల్లో రోజుకు పదిహేను ఇరవై నిమిషాలకు మించకుండా వాయించి, లోపలి తడిని గుడ్డతో తుడవాలి. మొదటి వాద్యంగా పై భాగం రెజిన్‌తో చేసిన విద్యార్థి మోడల్ తీసుకోవడమే మన వాతావరణానికి మంచిదని నా అభిప్రాయం.

కర్ణాటక సంగీతం నుంచి వచ్చేవారు శ్రుతి విషయంలో మనసు మార్చుకోవాలి. మనకు షడ్జం గాయకుడి గొంతును బట్టి కదులుతుంది. ఆర్కెస్ట్రాలో సెకనుకు 440 కంపనాల దగ్గర, కొన్ని దేశాల్లో కొంచెం పైన, ‘ఏ’ (A) అనే స్వరం స్థిరంగా ఉంటుంది, దాన్ని అందరికీ ఇచ్చేది ఓబోయే. రోజూ సాధన మొదట్లో ట్యూనర్ చూడకుండా ఆ స్వరం పలికి, తరువాత చూసి సరిచేసుకోవాలి. ట్రినిటీ, ఏబీఆర్‌ఎస్‌ఎం అనే బ్రిటిష్ సంస్థల గ్రేడు పరీక్షలు ఎనిమిదో గ్రేడు వరకు రాయడం మంచిదే, కాని ఉద్యోగం ఇప్పించేది ఆడిషన్, అంటే ఎంపిక కోసం ఎదుట వాయించి చూపే పరీక్ష. అందులో 1777 నాటి మొజార్ట్ ఓబో కన్చర్టో (ఒక వాద్యం ముందుండి ఆర్కెస్ట్రాతో వాయించే రచన) మొదటి భాగం దాదాపు తప్పదు. ఓబో ప్రవేశించగానే పైకి ఎగబాకి, నాలుగు బార్లకు (తాళపు ఆవృత్తాల వంటి కొలతలకు) పైగా ఒకే స్వరాన్ని నిలిపే చోటు ఉంది. ఊపిరి పొదుపు తెలియనివారు అక్కడే దొరికిపోతారు. బ్రామ్స్ వయొలిన్ కన్చర్టోలోని రెండో భాగం, చైకోవ్‌స్కీ నాలుగో సింఫనీలోని రెండో భాగం కూడా కంఠతా రావాలి. ఒక ఆర్కెస్ట్రాలో ఓబో కుర్చీలు రెండు మూడే ఉంటాయి కాబట్టి, ఓబో కుటుంబానికే చెందిన, ఇంకా కింది స్థాయిలో పలికే ఇంగ్లిష్ హార్న్ కూడా వాయించగలిగితే అవకాశాలు పెరుగుతాయి.

కండక్టింగ్‌ను ఆఖరికి వాయిదా వేయకూడదు. ఓబో కుర్చీ ఆర్కెస్ట్రా నడిమధ్యలో ఉంటుంది; ముందు తీగవాద్యాలు, వెనుక ఇత్తడి వాద్యాలు, ఎదురుగా కండక్టర్. అక్కడ కూర్చున్నవారికి ఆర్కెస్ట్రా అంతటినీ వినడం అలవాటవుతుంది. అలా కండక్టర్లయిన ఓబో వాద్యకారులున్నారు. రుడాల్ఫ్ కెంపె లైప్జిగ్ గెవాండ్‌హౌస్‌లో ప్రధాన ఓబో వాయించి కండక్టర్ అయ్యారు. ఎడో డి వార్ట్ ఆమ్‌స్టర్‌డామ్‌లో ఓబో వాయిస్తూ 1964లో న్యూయార్క్‌లో మిట్రోపౌలోస్ కండక్టింగ్ పోటీ గెలిచారు. హైన్జ్ హోలిగర్ వాయించడం, రచించడం, నడిపించడం మూడింటినీ కలిపి సాగించారు.

ఇక్కడే మొదలుపెట్టాలంటే గుంటూరు, విజయవాడ చర్చిల గాయక బృందాలు చక్కని చోటు. క్రిస్మస్ ముందు నాలుగు గొంతుకల పాటల రిహార్సల్ జరిగే చోట, బృంద నాయకుల అనుమతితో ఒక్క పాట నడిపే అవకాశం అడగాలి. చేతితో మొదటి దెబ్బ కొట్టే ముందు, ఆ పాట వేగంలోనే ఊపిరి తీసుకోవాలి. గాయకులు మీతోపాటే పీల్చుకుంటే మొదటి మాట కలిసి వస్తుంది. ఇంట్లో మొజార్ట్ సీ మైనర్ సెరినేడ్ లాంటి ఎనిమిది వాద్యాల స్కోరు (అన్ని వాద్యాల వరుసలూ ఒకేచోట ఉన్న నొటేషన్) తీసుకుని, రెండు వరుసలు కీబోర్డు మీద వాయిస్తూ మూడోది పాడాలి. బి ఫ్లాట్ క్లారినెట్‌కు రాసిన స్వరం ఒక మెట్టు కింద పలుకుతుందని లెక్క వేసుకోకుండానే తోచేదాకా ఇది సాగాలి.

రిహార్సల్‌లో ఫోనును గాయకుల వెనుక, మీ ముఖం కనిపించేలా పెట్టి రికార్డు చేసుకోవాలి. తరువాత శబ్దం తీసేసి చూడాలి. వేగం, బిగ్గర, మెల్లన అన్నవి చేతులను చూసి తెలుస్తున్నాయో లేదో అప్పుడు బయటపడుతుంది. విదేశీ సంగీత కళాశాలల్లో కండక్టింగ్‌కు దరఖాస్తు చేసేటప్పుడు సాధారణంగా అడిగేదీ ఇలా ఎదుటి నుంచి తీసిన వీడియోనే కాబట్టి, ఏడాదికి రెండు మూడు మంచివి దాచి ఉంచుకోవాలి.