పైపింగ్ ప్లోవర్ గూళ్లున్న బీచ్‌లో ఎలా నడవాలి?

అమెరికా, కెనడా బీచ్‌లలో కొన్నిచోట్ల ఇసుకలో కర్రలు పాతి, తాడు కట్టి, పిట్ట బొమ్మతో బోర్డు పెట్టి ఉంటుంది. లోపలికి చూస్తే ఖాళీ ఇసుకే. కానీ అక్కడ పైపింగ్ ప్లోవర్ అనే పిట్ట గుడ్ల మీద కూర్చుని ఉండొచ్చు. కంటికి ఆనకపోవడమే దానికున్న రక్షణ.

ఇది మన తీతువు పిట్టకు చుట్టం. పిచ్చుక కంటే కాస్త పెద్దది, బరువు 50 గ్రాములకు అటూ ఇటూ. వీపు ఎండిన ఇసుక రంగు, కాళ్లు నారింజ రంగు. గుడ్లు పెట్టే కాలంలో మెడ చుట్టూ నల్లటి పట్టీ ఉంటుంది. 1985లో అమెరికా ఈ పిట్టను అంతరించే ప్రమాదమున్న జాతుల చట్టం కిందకి తెచ్చింది. అమెరికా, కెనడా సరిహద్దులోని పెద్ద సరస్సులైన గ్రేట్ లేక్స్ తీరంలో 1980ల మధ్యకల్లా మిగిలినవి సుమారు 17 జంటలే. ఇప్పుడు 80 దాటాయి, లక్ష్యం 150.

1. నెల చూసుకోండి. ఏప్రిల్ నుంచి ఆగస్టు దాకా జాగ్రత్తగా ఉండాలి. గుడ్లు పొదగడానికి సుమారు 28 రోజులు, పిల్లలకు రెక్కలొచ్చి ఎగరడానికి దాదాపు ఇంకో నెల పడుతుంది.

2. తడి ఇసుక మీదే నడవండి. గూడంటే పుల్లలూ గడ్డీ ఏమీ ఉండవు. పొడి ఇసుకలో అరచేతి మందాన చిన్న గుంట, అందులో నాలుగైదు గవ్వముక్కలు, చుక్కల చుక్కల గుడ్లు నాలుగు. అంతే. గులకరాళ్ల మధ్య వాటిని పోల్చుకోవడం చాలా కష్టం. అడుగు వేశాక తెలిసి లాభం లేదు.

3. కుక్కను, గాలిపటాన్ని ఇంట్లోనే వదిలేయండి. కుక్క తప్పదంటే పట్టీ వదలొద్దు. గాలిపటం సంగతి చాలామందికి తెలియదు. పైన ఆడే ఆ నీడను పిట్ట డేగ అనుకుని గుడ్లు వదిలి పారిపోతుంది. ఎండలో నీడ లేని గుడ్లు ఎంతోసేపు తట్టుకోలేవు.

4. పిట్ట ఏం చేస్తోందో చూడండి. నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైనది ఇదే. ఒక పిట్ట మీ ముందు రెక్క విరిగినట్టు ఈడ్చుకుంటూ, పీప్ పీప్ అంటూ పోతుంటే పాపం అని దగ్గరికి వెళ్లకండి. దాని రెక్కకేమీ కాలేదు. మిమ్మల్ని గూటికి దూరంగా లాక్కెళ్లాలని ఆడుతున్న నాటకం అది. మీరు ఇప్పటికే గూటికి బాగా దగ్గరగా ఉన్నట్టు లెక్క. ఆగండి, కింద చూసుకోండి, మీ అడుగుల గుర్తుల్లోనే వెనక్కి నడవండి.

5. గుంటలు పూడ్చండి. పిల్లలు గుడ్డులోంచి వచ్చిన కొన్ని గంటలకే పరుగులు తీస్తాయి, తిండి తామే వెతుక్కుంటాయి. చూడటానికి రెండు పుల్లల మీద నిలబెట్టిన దూది ఉండలా ఉంటాయి. మనం సరదాగా తవ్విన గుంట, బండి చక్రాల గాడి వాటికి లోయతో సమానం. దిగితే ఎక్కలేక అక్కడే ఉండిపోతాయి. పిల్లలు అడ్డొస్తే అవి దాటేదాకా కదలకుండా నిలబడండి.

6. చెత్త తీసుకెళ్లండి, నాచు మాత్రం వదిలేయండి. తినగా మిగిలిన చిప్స్ కోసం కాకులు, నక్కలు వస్తాయి, పనిలో పనిగా గుడ్లూ తింటాయి. అందుకే కొన్ని గూళ్ల మీద తీగల పంజరం పెడతారు. కన్నాల్లోంచి ప్లోవర్ దూరుతుంది, నక్క దూరదు. ఒడ్డుకు కొట్టుకొచ్చిన నాచు కంపు కొట్టినా, అందులోని పురుగులే పిల్లలకు భోజనం.

7. గూడు కనబడితే బీచ్ సిబ్బందికి చెప్పండి. గుర్తుకని రాయి పెట్టొద్దు, గుడ్లు ముట్టుకోవద్దు, చోటు తెలిసేలా ఫొటోలు పెట్టొద్దు. గ్రేట్ లేక్స్‌లో తల్లిదండ్రులు లేకుండా పోయిన గుడ్లను, అనుమతి ఉన్నవాళ్లు మిషిగన్ విశ్వవిద్యాలయ బయలాజికల్ స్టేషన్‌కు చేర్చి ఇంక్యుబేటర్‌లో పొదిగిస్తారు. ఆ పిల్లలను జూ సిబ్బంది పెంచి తీరానికి వదులుతారు.

8. పిట్ట కాళ్లకు, ఏది ఏదో గుర్తుపట్టడానికి పరిశోధకులు తొడిగిన రంగు రింగులుంటే రాసుకోండి. బైనాక్యులర్‌తో, దూరం నుంచే. ఏ కాలికి, పై నుంచి కిందికి ఏ వరుసలో ఏ రంగులో నోట్ చేసుకుని సిబ్బందికి ఇవ్వండి. 2021లో షికాగో మాంట్రోజ్ బీచ్‌లో పుట్టిన ఇమాని అనే మగపిట్ట మరుసటి ఏడాది అదే ఒడ్డుకు తిరిగొచ్చినప్పుడు, అది అదేనని చెప్పింది ఈ రింగులే.