చలికాలం గీజర్ ఆన్ చేసే ముందు

కార్తీక స్నానాల నుంచి సంక్రాంతి దాటేదాకా మన శ్రీకాకుళం, విజయనగరం ఇళ్లలో గీజర్‌కు తీరిక ఉండదు. అయినా ఎండాకాలం నుంచి వాడనిదాన్ని చూడకుండా ఆన్ చేసేస్తాం. ముందు మెయిన్ ఆపి, ప్లగ్గు లాగి పిన్నులు చూడండి. నల్లబడినా, సాకెట్ అంచు కమిలినా లోపల లూజు కనెక్షన్ ఉన్నట్టే. 2000 వాట్ల గీజర్ దాదాపు 9 ఆంపియర్లు లాగుతుంది. సెల్ చార్జర్ పెట్టే 6 ఆంపియర్ల సాకెట్ దాన్ని మోయలేదు, 16 ఆంపియర్లదే కావాలి. కళింగపట్నం, భావనపాడు వైపు ఉప్పుగాలికి స్క్రూలు తొందరగా తుప్పు పడతాయి.

అసలు చూడాల్సింది ఎర్త్. పాత ఇళ్లలో సాకెట్‌కు మూడు రంధ్రాలుంటాయి, వెనక ఎర్త్ వైరు మాత్రం ఉండదు. బోరు నీళ్ల గారకు నీళ్లు కాచే ఎలిమెంట్ వేడెక్కి పగిలితే కరెంటు నీళ్లలోకి వస్తుంది. ఎర్త్ సరిగా ఉంటే అది భూమిలోకి పోయి, మనం ముట్టుకోకముందే ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే సరఫరా ఆపేసే స్విచ్) పడిపోతుంది. ఎర్త్ లేకపోతే మనం ముట్టుకున్నాకే పడుతుంది. ఆర్‌సీసీబీ కూడా లేకపోతే ఇక చెప్పేదేముంది! 30 మిల్లీ ఆంపియర్లది పెట్టించుకోండి. కరెంటు ఉన్నప్పుడు దాని టెస్ట్ బటన్ నొక్కితే టక్కున పడాలి, పడకపోతే మార్చాల్సిందే.

గీజర్ వేసినప్పుడే ఆర్‌సీసీబీ పడుతోందంటే చాలావరకు ఎలిమెంట్ లీకు. "ఇదేటి బాబూ, మాటిమాటికీ పడిపోతంది, తీసేసి డైరెక్టుగా ఇచ్చేయ్" అని ఎలక్ట్రీషియన్‌తో అనకండి. అలా ఇచ్చేసే వాళ్లూ ఉన్నారు, వాళ్లను మళ్లీ పిలవొద్దు. ఎంసీబీ (బోర్డులో ఉండే మామూలు బ్రేకర్) పడితే అది షార్టో, ఓవర్‌లోడో. లైటు వెలిగి నీళ్లు కాగకపోతే ఎలిమెంటో, వేడిని అదుపు చేసే థర్మోస్టాటో పోయి ఉంటుంది. దానికి టెన్షన్ అక్కర్లేదు, కానీ మూత మీరు విప్పొద్దు.

మన తుపాన్లు సరిగ్గా ఈ సీజన్ ముందే వస్తాయి. తిత్లీ వచ్చింది 2018 అక్టోబరులోనే. వానకు బాత్రూమ్ గోడ చెమ్మెక్కితే అది ఆరి, ఎలక్ట్రీషియన్ చూసేదాకా స్విచ్ జోలికి పోవద్దు.

మొదటిసారి వేసేటప్పుడు వేడినీళ్ల కుళాయి తిప్పి ధార ఆగకుండా వస్తోందో లేదో చూడండి, ఖాళీ ట్యాంకులో ఎలిమెంట్ మాడిపోతుంది. నీళ్లు కాగాక ఆపేసి స్నానం చేయండి. కుళాయి జివ్వుమంటే తడిచేత్తో అక్కడి స్విచ్ ముట్టుకోకుండా బయటకొచ్చి మెయిన్ ఆపాలి. బకెట్లో రాడ్డు పెట్టేవాళ్లు ప్లగ్గు తీశాకే నీళ్లలో చెయ్యి పెట్టండి.