కొలువు బొమ్మలు దించేటప్పుడే గోడమీది పటాలూ చూసుకోండి

మద్రాసులో పాత ఇళ్ళున్న తెలుగువాళ్ళకి వానలకి ముందు గోడమీది పటాలు చూసుకోవడానికి ఏటా ఒక మంచి అదను దొరుకుతుంది. నవరాత్రులకి కొలువు బొమ్మల పెట్టెలు అటక మీంచి దించుతాం. మామూలుగా అక్టోబరు మూడో వారానికల్లా ఈశాన్య రుతుపవనాలు వచ్చేస్తాయి. ఎలాగూ నిచ్చెన వేస్తాం కాబట్టి తంజావూరు పటాలు, రవివర్మ అచ్చు బొమ్మలు, తాతల నాటి ఫోటోలు కూడా ఆ పూటే చూసేసుకుంటే మంచిది.

మా ఇల్లు జార్జి టౌన్‌లో, కొత్వాల్ చావిడికి దగ్గర. 2015 డిసెంబరు వానల్లో మా హాల్లోని బాలకృష్ణుడి పటం మీద ఒక్క చుక్క కూడా పడలేదు. వెనక గోడ మాత్రం వారం రోజులు నానింది. ఆ చెమ్మకి పటం మీద బూజు తెల్లగా పట్టింది. దుమ్మనుకుని మా అత్తయ్య తడిగుడ్డతో ఒక్కసారి తుడిచింది. మొలతాడు దగ్గర బంగారు రేకు గుడ్డకి అంటుకుని వచ్చేసింది. కింద సుద్ద నానిన బియ్యప్పిండిలా మెత్తగా ఉంది. ఆ గుడ్డ ఆవిడ ఇప్పటికీ ఉతకలేదు, బీరువాలో దాచుకుంది.

తంజావూరు పటం ఎలా చేస్తారో తెలిస్తే ఇది ఎందుకయిందో అర్థమవుతుంది. పనస చెక్క మీద గుడ్డ అంటిస్తారు. అందుకు చింతగింజల జిగురు వాడతారు. దానిమీద సుద్దపొడి, జిగురు కలిపిన ముద్దతో ఉబ్బెత్తు పని చేసి, రాళ్ళు పొదిగి, బంగారు రేకు అద్దుతారు. బంగారానికి నీళ్ళంటే భయం లేదు, దాన్ని పట్టుకుని ఉన్న సుద్దకీ జిగురుకీ ఉంది. పైగా చింతగింజల జిగురు పురుగుకి మంచి మేత. తంజావూరు, తిరుచ్చి వైపు ఈ పటాలు గీసిన రాజు కులంవాళ్ళు, మదురైలో గీసిన నాయుళ్ళు తెలుగువాళ్ళే, మనకి పరాయివాళ్ళు కారు. మన ఇళ్ళలో ఉన్నది వాళ్ళ చేతిపని.

ముందు మిద్దె చూడాలి. పాత మద్రాసు మిద్దెకి టేకు దూలాల మీద ఇటుకలు నిలువుగా, ఏటవాలుగా పేర్చి, పైన ఇటుకముక్కలూ సున్నమూ దంగించి, ఆపైన పలకలు పరుస్తారు. పిట్టగోడ సందుల్లో మొలిచిన రావి మొక్కని పైపైన విరిచేస్తే లాభం లేదు, వేరు తీసి సున్నంతో పూడ్చాలి. తూముల్లో ఎండుటాకులు తీయించాలి. సున్నం ఆరడానికి టైం పడుతుంది కాబట్టి ఈ పని సెప్టెంబరులోనే చేయించాలి. మేస్త్రీ సిమెంటు పూసేద్దామంటాడు. దయచేసి ఒప్పుకోకండి. సిమెంటు కింద చిక్కిన చెమ్మ బయటికి పోలేక గోడలో దిగిన దూలం చివర్లని కుళ్ళబెడుతుంది. మా వంటింటి దూలం ఒకటి పైకి నిక్షేపంగా కనిపించేది. గోడ దగ్గర స్క్రూడ్రైవరు గుచ్చితే సగం దాకా దిగిపోయింది.

తర్వాత పటాల చోటు. ఈ వాన తూర్పు, ఈశాన్యం నుంచి కొడుతుంది. ఆ వైపు బయటి గోడలకి ఉన్నవి దించి లోపలి గోడలకి మార్చండి. దించకుండా ఉంచేవాటి వెనక, కింది రెండు మూలల్లో కార్కు ముక్కలు అంటిస్తే గోడకీ పటానికీ మధ్య గాలి ఆడుతుంది. అటక మీద మాత్రం పెట్టొద్దు, మిద్దె కారితే మొదట తడిసేది అదే. కింది అంతస్తులో నేలమీద ఆనించడమూ వద్దు. వీధి కాలువ నిండితే ఆ నీళ్ళు బాత్‌రూం తూములోంచి కూడా వెనక్కి వస్తాయి.

చుట్టడానికి గంజి పోయేలా ఉతికిన పాత నూలు గుడ్డ చాలు. ప్లాస్టిక్ కవర్లో బిగిస్తే లోపలి చెమ్మ లోపలే ఉండి బూజు పడుతుంది. న్యూస్ పేపరు కూడా వద్దు. తుపాను హెచ్చరిక వచ్చిన రోజు మాత్రం పైన ప్లాస్టిక్ షీటు వదులుగా కప్పి, కింది వైపు తెరిచి ఉంచండి. ఫ్రేము కింద పిండిలాంటి పొడి రాలి ఉంటే చెక్కలో పురుగు ఉన్నట్టే. ఆ పటాన్ని వెంటనే మిగతావాటికి దూరంగా పెట్టాలి.

ఫోన్‌తో ప్రతి పటానికీ ముందు, వెనక, అంచులు ఫోటోలు తీసి వేరే ఊళ్ళో ఉన్న పిల్లలకి పంపండి. వందేళ్ళు దాటిన చిత్రాలకి 1972 పురావస్తువుల చట్టం కింద రిజిస్ట్రేషన్ ఉంటుంది. ఆ సర్టిఫికెట్ మీ దగ్గరుంటే ఇంటి దస్తావేజులతో కలిపి నీళ్ళు తగలని చోట పెట్టండి.

ఇంత చేసినా తడిస్తే, ముందు మెయిన్ ఆఫ్ చేయండి. పటాన్ని ఇద్దరు పట్టుకుని దించి, బొమ్మ పైకి ఉండేలా బల్లమీద పడుకోబెట్టండి. తుడవొద్దు, ఎండలో పెట్టొద్దు, హెయిర్ డ్రయ్యర్ అసలే వద్దు. గదిలో ఫ్యాను తిరగనివ్వండి, గాలి తిన్నగా పటం మీదికి కొట్టకుండా చూడండి. రాలిన రేకు ముక్కలు, రాళ్ళు ఒక కవర్లో వేసి, ఏ పటానివో రాసిపెట్టండి. రవివర్మ బొమ్మలు కాగితం మీది అచ్చులు, అద్దానికి అతుక్కుంటాయి. లాగితే ముఖం ఊడి అద్దానికే ఉండిపోతుంది. అద్దంతో పాటే అలాగే ఉంచేయండి. తడిసిన కాగితానికి రెండు రోజుల్లో బూజు మొదలవుతుంది. ఉత్తరాలు, పుస్తకాలు అంతలో ఆరేలా లేకపోతే, కరెంటు ఉంటే ఫ్రీజర్లో పెట్టండి, తర్వాత తీరిగ్గా ఆరబెట్టించుకోవచ్చు.

కొత్త రేకు వేసి మెరిపిస్తామని వచ్చేవాళ్ళకి పటం ఇవ్వకండి. మా బాలకృష్ణుడి విషయంలో ఒకాయన అలాగే అడిగాడు, మేం ఇవ్వలేదు. ఎగ్మూరు ప్రభుత్వ మ్యూజియంలో ఇలాంటి వస్తువుల సంరక్షణకే ప్రయోగశాల ఉంది. అక్కడికి వెళ్ళి, ఏం చేయించాలో, ఎవరి చేత చేయించాలో అడగండి. పటం మోసుకెళ్ళక్కర్లేదు, మొదటిసారి ఫోన్లోని ఫోటోలు చూపిస్తే చాలు.