బ్యాండ్ వెంట కెమెరా: ఏళ్ల తరబడి షూటింగ్‌లో సమస్యలు - పరిష్కారాలు

సమస్య: డ్రమ్స్ మోగినప్పుడల్లా శబ్దం బరబరమంటోంది. ఎడిటింగ్‌లో తగ్గిస్తే అదే బరబర, కాస్త చిన్నగా.

కారణం: మైక్ పాడైందని టెన్షన్ పడతాం. చాలాసార్లు తప్పు మనదే. మిక్సర్ (అన్ని మైకుల, వాద్యాల శబ్దాలు కలిపే పెట్టె) నుంచి వచ్చే లైన్ సిగ్నల్ మైక్ సిగ్నల్ కంటే వందల రెట్లు బలంగా ఉంటుంది. దాన్ని మైక్ ఇన్‌పుట్‌కు ఇస్తే గుమ్మంలోనే పగిలిపోతుంది. పగిలింది మళ్లీ అతకదు.

పరిష్కారం: ఇన్‌పుట్‌ను లైన్‌కు మార్చండి, ఆటో గెయిన్ (శబ్దాన్ని తనంతట తానే పెంచి తగ్గించేది) ఆపేయండి, సౌండ్ చెక్‌లో మీటర్‌ను మైనస్ 12 డెసిబెల్స్ దాటనివ్వకండి. అసలు షోలో ఇంకా గట్టిగా వాయిస్తారు. ఇంకో మాట: చిన్న హాల్లో గిటార్ ఆంప్ (గిటార్ స్పీకర్ పెట్టె) మోత ఎలాగూ అందరికీ వినిపిస్తుంది కాబట్టి సౌండ్ ఇంజనీర్ దాన్ని మిక్సర్‌లో పెద్దగా పెంచడు. మిక్సర్ నుంచి వచ్చే ఆ శబ్దం ఒక్కటే నమ్ముకుంటే ఇంటికెళ్లి వింటే గొంతే ఉంటుంది, గిటార్ ఉండదు. జనం మధ్యలో విడిగా ఒక రికార్డర్ పెట్టండి.

సమస్య: మొదటి పాటకు పెదాలు, శబ్దం కలిశాయి, చివరి పాటకు తప్పాయి.

కారణం, పరిష్కారం: కెమెరా, రికార్డర్ లోపలి గడియారాలు సరిగ్గా ఒకే వేగంతో నడవవు. ఏ పాటకాపాట విడిగా సింక్ చేయండి, అంటే బొమ్మకు శబ్దం కలపండి.

సమస్య: నీలం లైట్‌లో గాయకుడి ముఖం ఒక ముద్ద.

కారణం: నీలం ఛానెల్ ఒక్కటే నిండిపోయింది. మామూలు హిస్టోగ్రామ్ (వెలుతురు ఎంత పడుతోందో చూపే గ్రాఫ్) ఆ సంగతి చెప్పదు.

పరిష్కారం: మూడు రంగులూ విడిగా చూపే హిస్టోగ్రామ్ పెట్టుకుని ఎక్స్‌పోజర్ తగ్గించండి. లైట్లు చూసే అతన్ని ముందే కలిసి, ముఖాల మీదికి కాస్త తెల్ల లైట్ అడగండి. తెరమీద చారలు పరిగెడుతుంటే షట్టర్ స్పీడు 1/50 పెట్టండి, మన కరెంటు 50 హెర్ట్జ్ కదా.

సమస్య: రిహార్సల్‌లో కెమెరా తీయగానే అందరూ బుద్ధిమంతులైపోతున్నారు.

కారణం: రికార్డవుతోందని తెలిస్తే ఎవరైనా అంతే. 1969 జనవరిలో లండన్‌లోని ట్వికెన్‌హామ్ స్టూడియోలో బీటిల్స్‌ను షూట్ చేసినప్పుడు, వాళ్లు మాటలు వినపడకుండా గిటార్లు వాయిస్తూ మాట్లాడుకునేవారు. దర్శకుడు భోజనాల గదిలో పూలకుండీలో మైక్ దాచాడు. చరిత్రకు ఒక అరుదైన సంభాషణ దక్కింది, నిజమే. నేనైతే ఆ పని చేయను. మనల్ని పదేళ్లు లోపలికి రానివ్వాల్సిన మనుషులు మన బ్యాండ్ వాళ్లు.

పరిష్కారం: మొదటి కొన్ని రోజులు ఊరికే కూర్చోండి, టీలు అందించండి. తర్వాత కెమెరాను ఒక మూల స్టాండ్ మీద పెట్టి, ఎర్ర లైటుకు నల్ల టేపు అంటించండి. కెమెరా నడుస్తోందని మాత్రం నోటితో చెప్పండి. ఎవరు ఆపమన్నా ఆపుతానని, ఏది వాడుకోవచ్చో ఏది కూడదో మొదటి నెలలోనే కాగితం మీద రాసుకోండి. పేరొచ్చాక, గొడవలొచ్చాక ఆ సంతకం దొరకదు.

సమస్య: ఎనిమిదేళ్ల తర్వాత, ఒక పాటను మొదటిసారి కట్టిన రోజు ఫుటేజీ దొరకడం లేదు.

కారణం: ఆ రోజు దానికి ఆ పేరే లేదు. బీటిల్స్ 'యెస్టర్‌డే' పాటకు మొదట పెట్టుకున్న పేరు 'స్క్రాంబుల్డ్ ఎగ్స్'. మన బ్యాండ్లలో 'కొత్తది', 'కొత్తది 2'.

పరిష్కారం: రోజుకో ఫోల్డర్, తేదీతో. అందులో నాలుగు వాక్యాలు: ఎవరున్నారు, ఏం వాయించారు, అప్పటి పేరేంటి. మూడు కాపీలు, ఒకటి వేరే ఊళ్లో. పాత మినీ డీవీ (వీడియో) క్యాసెట్లుంటే ఇప్పుడే కంప్యూటర్‌లోకి ఎక్కించండి, గంట క్యాసెట్‌కు గంట పడుతుంది, సుమారు 13 జీబీ. ఎల్పీ మోడ్‌లో (టేపు నెమ్మదిగా తిప్పి ఎక్కువసేపు తీసే పద్ధతి) తీసినవి వేరే కెమెరాలో సరిగా ఆడకపోవచ్చు. అవి పూర్తయ్యేదాకా ఆ పాత కెమెరా అమ్మకండి.