నలుగురితో కూర్చుని ‘ద ట్రూమన్ షో’ చూడటం ఎలా?

సినిమా వేస్తున్నాం రండి అని పదిమందిని పిలిచి, అది మొదలవకముందే లేచి నిలబడి పావుగంట ఉపన్యాసం దంచే పెద్దమనిషి ప్రతి అపార్ట్‌మెంట్‌లోనూ ఒకరుంటారు. మా దాంట్లో ఇద్దరున్నారు. టీవీ మీద, టీవీవాళ్ళు వండివార్చే కథల మీద, ఏది నిజమో ఏది నాటకమో తేలని బతుకుల మీద వచ్చిన సినిమాలు నేను ఆరేడేళ్ళుగా మా మేడమీద వేస్తున్నాను. తన బతుకంతా ఒక టీవీ షో అని తెలియని మనిషి కథ ట్రూమన్ షో, అదొక్కటే తొమ్మిదిసార్లు వేశాను, అందులో మొదటి నాలుగుసార్లూ నా చేతకానితనం వల్లే పాడయ్యాయి. ఇప్పుడు వేరేవాళ్ళు పాడుచేస్తుంటే చూసి ఊరుకోలేక రాస్తున్నాను.

ముందు సినిమా ఎంపిక. ఈ కోవలో మొదట చూపించాల్సింది ట్రూమన్ షోనే, ఇందులో బేరం లేదు. కొంతమంది 1976 నాటి ‘నెట్‌వర్క్’తో మొదలుపెడతారు. గొప్ప సినిమానే, కాదన్నదెవరు, రేటింగులు పడిపోయి ఉద్యోగం ఊడబోతున్న న్యూస్ రీడర్ లైవ్‌లోనే చచ్చిపోతానని ప్రకటిస్తే చానెల్‌వాళ్ళు దాన్నే షోగా మార్చుకుంటారు, ఆ వేషం వేసిన పీటర్ ఫించ్‌కి చనిపోయాక ఆస్కార్ ఇచ్చారు. కానీ అందులో మనుషులు పేజీలకు పేజీలు మాట్లాడతారు, సబ్‌టైటిల్స్ అందుకోలేక అరగంటకి సగంమంది ఫోన్లు తీస్తారు. 2010లో వచ్చిన ‘పీప్లీ లైవ్’తో మొదలుపెడితే చర్చంతా రైతుల అప్పుల మీదకి వెళ్ళిపోతుంది. వెళ్ళాల్సిందే కూడా, కానీ చచ్చిపోతానన్న రైతు నత్తా ఇంటి ముందు గుడారాలేసుకున్న కెమెరాల సంగతి ఎవరికీ గుర్తుండదు. ట్రూమన్ షో అయితే గంటా నలభై మూడు నిమిషాలు, ట్రూమన్ వేషం వేసిన జిమ్ క్యారీ మొహం కనిపిస్తే పిల్లలు కూడా కుదురుగా కూర్చుంటారు.

సామాను గురించి పెద్దగా చెప్పడానికేం లేదు. ప్రొజెక్టర్, తెల్లగోడ, గోడ లేకపోతే ముడతల్లేని దుప్పటి. స్పీకర్‌ని వైరుతో కలపండి, బ్లూటూత్ అయితే పెదవులు ముందు కదిలి మాట తర్వాత వచ్చే ప్రమాదం ఉంది. ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ పెట్టాల్సిందే, నాకు ఇంగ్లీష్ బాగా వచ్చు అనేవాళ్ళకి కూడా. తినడానికి పల్లీలో మరమరాలో పెట్టండి, చిప్స్ ప్యాకెట్లు వద్దు, ఆ చప్పుడు భరించలేం. (చిప్స్ ప్యాకెట్ ఎలా వాడాలో ‘వ్యాగ్ ద డాగ్’లో చూడాలి. లేని యుద్ధాన్ని టీవీలో చూపించడానికి స్టూడియోలో ఒక అమ్మాయి చేతికి చిప్స్ ప్యాకెట్ ఇచ్చి పరిగెత్తిస్తారు, తర్వాత కంప్యూటర్‌లో దాన్ని తెల్ల పిల్లికూన చేసేస్తారు. అది ఇంకో వారానికి.)

టైము రాత్రి ఏడున్నర అంటే ఏడున్నరే. ఆలస్యంగా వచ్చినవాళ్ళకి మొదటి మూడు నిమిషాలూ పోతాయి, ఈ సినిమాకి అవే ప్రాణం. మొదట పడే పేర్లు సినిమావి కావు, సినిమాలో నడిచే షోవి. ట్రూమన్ బర్బ్యాంక్ తన పాత్రలో తానే అని వేస్తారు, షో సృష్టికర్త క్రిస్టాఫ్ అని వేస్తారు. అంటే మనం సినిమా చూడటానికి కూర్చున్నామనుకుంటాం గానీ వాళ్ళు మనల్ని ఆ షో చూసే జనంలో కలిపేసి కూర్చోబెట్టారన్నమాట. పుట్టినప్పటినుంచీ ముప్పై ఏళ్ళుగా ఒక మనిషి బతుకుని అతనికి తెలియకుండా లోకమంతటికీ చూపిస్తున్నారన్న సంగతి సినిమావాళ్ళే మొట్టమొదట చెప్పేస్తున్నారు కదా, మరి మీరు లేచి నిలబడి చెప్పడమెందుకు? ఉపన్యాసం వద్దనేది అందుకే. ఎవరైనా లేటుగా వస్తే నేను మొహమాటం లేకుండా మళ్ళీ మొదటినుంచి వేస్తాను, మిగతావాళ్ళు వాళ్ళకేసి చూసే చూపుకి రెండోసారి లేటుగా రారు.

ఇంటర్వెల్ ఇవ్వకండి. మన సినిమాల్లో ఇంటర్వెల్ కోసం ఒక బ్యాంగ్ రాసుకుంటారు, ఇందులో రాయలేదు. మధ్యలో ఆపి వివరించనూ వద్దు. ట్రూమన్ ఉండే ఊరంతా, ఆకాశంతో సహా, ఒక సెట్టు. ఆ ఆకాశంలోంచి స్టూడియో లైటు ఊడి రోడ్డు మీద పడుతుంది, దానిమీద నక్షత్రం పేరు సిరియస్ అని రాసి ఉంటుంది, ఆ వెంటనే కారు రేడియోలో ఏదో విమానం నుంచి ముక్కలు రాలాయని వార్త చెప్తారు. అక్కడ మీకు నోరు దురద పెడుతుంది. ఆపుకోండి. వాన ట్రూమన్ ఒక్కడి మీదే పడుతున్నప్పుడు పిల్లలు వాళ్ళంతట వాళ్ళే అరుస్తారు.

ఇంకో చిన్న పని, మర్చిపోయేది కూడా ఇదే. ఆటోప్లే ఆపేయండి. సినిమా చివర్లో, అంత పెద్ద షో ముగిసిపోయాక, టీవీ ముందు కూర్చున్న ఇద్దరు పార్కింగ్ గార్డులు ఇంకేం వస్తున్నాయో చూడు అనుకుంటారు. సరిగ్గా ఆ మాట దగ్గరే తెర మూలకి ముడుచుకుపోయి తర్వాతి సినిమా ట్రైలర్ మోగడం మా మేడమీద జరిగింది. జనం నవ్వారు గానీ నాకు ఏడుపొచ్చింది.

ఇక అసలైన కష్టం, సినిమా అయ్యాక మొదలవుతుంది. చాలామంది ఇక్కడే ముంచుతారు. లైట్లు వేయగానే ‘ఎలా ఉంది?’ అని అడుగుతారు, ఎవరో ఒకరు ‘మన చానెల్సు కూడా ఇంతే కదండీ’ అంటారు, అంతే, రాత్రి పదకొండు దాకా ఏ చానెల్ ఏ పార్టీదో తేల్చుకుంటూ కూర్చుంటారు. ఆ మాటలు టీ బడ్డీ దగ్గర కూడా దొరుకుతాయి, దానికి ప్రొజెక్టర్ ఎందుకు?

నేను చేసేది ఇది. ముందు టీ ఇస్తాను, పది నిమిషాలు సినిమా ఊసెత్తను. తర్వాత ఒక్క సీను మళ్ళీ వేస్తాను. ట్రూమన్ చిన్నప్పుడు నాన్న సముద్రంలో మునిగిపోయాడని నమ్మించి, నీళ్ళంటే భయం పుట్టించి, ఊరు దాటకుండా కట్టేశారు. చనిపోయాడనుకున్న ఆ నాన్న వేషధారి ఒకరోజు రోడ్డు మీద కనిపించేస్తాడు. ఇంక దాచలేరు కాబట్టి ఆ పొరపాటునే కథగా మార్చి తండ్రీకొడుకుల్ని కలుపుతారు. కట్టి వదిలేసిన వంతెన మీద రాత్రిపూట ట్రూమన్, స్నేహితుడు మార్లన్ కూర్చునే చోటు నుంచి, తండ్రిని కౌగిలించుకునేదాకా. ఎన్నో నిమిషం దగ్గరుందో ముందురోజే కాగితం మీద రాసిపెట్టుకోండి, జనం ముందు వెనక్కీ ముందుకీ జరుపుతుంటే మూడ్ పోతుంది.

మొదట మామూలుగా వేయండి. నీకు నేనెప్పుడూ అబద్ధం చెప్పనని మార్లన్ అంటుంటే, ఆ మాటలు సెట్టు చంద్రుడిలో కట్టిన కంట్రోల్ రూమ్‌లోంచి క్రిస్టాఫ్ అతని చెవిలోకి అందిస్తుంటాడు. తర్వాత పొగమంచు, తండ్రి నడక. క్రిస్టాఫ్ మంచు తగ్గించమంటాడు, కెమెరాలు మార్చమంటాడు, మ్యూజిక్ పెంచమంటాడు, దగ్గరికి వెళ్ళమంటాడు. రెండోసారి సౌండ్ పూర్తిగా తీసేసి వేయండి. మూడోసారి అందర్నీ కళ్ళు మూసుకోమని సౌండ్ మాత్రం వినిపించండి. ఈ వరస మార్చకండి. ఒకాయన కళ్ళు మూసుకునేది రెండోసారి పెట్టి నాకే పాఠం చెప్పబోయాడు, అలా చేస్తే సౌండ్ లేని సీను మరీ చప్పబడిపోతుంది, నేను చూశాను.

అప్పుడు ఒక్క ప్రశ్న అడగండి. ఆ మ్యూజిక్ ఎవరి కోసం? షో చూసే జనం కోసం, అది తెర మీదే కనిపిస్తోంది. మరి మనకెందుకు గొంతు పట్టేసింది? ఎలా చేస్తున్నాడో చూపిస్తూనే చేశాడు కదా, అయినా పనిచేసింది కదా. ఈ రెండో ముక్క మీరు అనకండి. ప్రశ్న అడిగి ఊరుకోండి. అరనిమిషం ఎవరూ మాట్లాడరు, మీకు టెన్షన్ వస్తుంది, జవాబు చెప్పేయాలనిపిస్తుంది. చెప్పారో, పని చెడింది. నేను ఆ టైములో గ్లాసులు ఏరుతుంటాను.

మాట చానెళ్ళ మీదకి జారితే ‘ఏ షాట్‌లో?’ అని అడగండి. ఎవరేమన్నా అదే ప్రశ్న. భార్య వేషం వేసినావిడ మంచిది కాదంటే, ఏ షాట్‌లో? అప్పుడు గుర్తొస్తుంది, అతను పిచ్చెక్కిపోయి ఉన్నప్పుడు ఆవిడ కోకో డబ్బా ఎత్తి పట్టుకుని నవ్వుతూ ప్రకటన చదువుతుంది, ఎవరితో మాట్లాడుతున్నావని అతను అరుస్తాడు. అదే సరైన మాట. ‘బిగ్ బాస్ చూసి తీశారా?’ అని ఒక కుర్రాడు ప్రతిసారీ అడుగుతాడు. ఈ సినిమా 1998ది, బిగ్ బాస్‌కి మూలమైన బిగ్ బ్రదర్ 1999లో నెదర్లాండ్స్‌లో మొదలైంది, మన తెలుగు బిగ్ బాస్ 2017లో వచ్చింది. అంతే చెప్పి వదిలేయండి.

ఒక జాగ్రత్త మాత్రం గట్టిగా చెప్తున్నాను. ఏడ్చినవాళ్ళని వేలుపెట్టి చూపించకండి. రెండోసారి వేసినప్పుడు మా పక్క ఫ్లాట్ ఆవిడతో, ‘చూశారా, తెలిసి తెలిసి మిమ్మల్ని కూడా బుట్టలో వేశాడు’ అన్నాను, తెలివైన మాట అన్నాననుకుని. వాళ్ళ నాన్నగారు పోయి అప్పటికి రెండు నెలలని నాకు తెలియదు. ఆవిడ కప్పు కింద పెట్టి మెట్లు దిగి వెళ్ళిపోయారు, మళ్ళీ మేడమీదకి రాలేదు. అందుకే ఇప్పుడు టీ ముందు, ప్రశ్న తర్వాత.

ఇంకోటి, సీరియల్స్ చూసేవాళ్ళని తక్కువగా అంచనా వేయకండి. ఇంతవరకు నా ప్రశ్నకి సరైన జవాబు చెప్పింది సినిమా పుస్తకాలు చదివే కుర్రాళ్ళు కాదు, మా పిన్ని. ‘మా సీరియల్లో అయితే మూడుసార్లు మొహం చూపిస్తాడురా, ఢాం ఢాం అని కొడతాడు. వీడు ఆగి ఆగి ఒక్కసారే దగ్గరికి వెళ్ళాడు, అందుకే నమ్మేశాం’ అంది. దర్శకుడు పీటర్ వియర్ విని ఉంటే ఆవిడకి ఇంకో టీ పోయించేవాడు.

ఎవరైనా ఇదంతా కల్పనే కదా అంటే వాదించకండి, తర్వాతి వారం నిజంగా జరిగిన కథ మీద తీసిన ‘క్విజ్ షో’ సినిమా పెట్టండి. 1956లో అమెరికాలో ట్వెంటీ వన్ అనే టీవీ క్విజ్‌లో హెర్బ్ స్టెంపెల్ అనే పోటీదారుని కావాలని ఓడిపోమన్నారు. 1955 సంవత్సరపు ఉత్తమ చిత్రం ఏదని అడిగితే, ‘మార్టీ’ అని తెలిసి కూడా ‘ఆన్ ద వాటర్‌ఫ్రంట్’ అని చెప్పాడు. ఇది నిజంగా జరిగింది.

పదిన్నరకి ఆపేయండి. ప్రొజెక్టర్ ఫ్యాన్ ఆగేదాకా ప్లగ్ పీకకండి, బల్బు పోతుంది. దుప్పటి మడతపెడుతుంటే, మెట్లు దిగుతున్నవాళ్ళలో ఎవరో ఒకరు వెనక్కి తిరిగి ‘వచ్చేవారం ఏం వస్తోందండీ?’ అని తప్పకుండా అడుగుతారు. పేరు చెప్పండి, కుర్చీలు ఎవరివి వాళ్ళే తెచ్చుకోమనండి.