బంగాళదుంప ఫిరంగి: పెన్ను గొట్టంతో చేసుకోదగినది, పీవీసీతో చేయకూడనిది

పీవీసీ గొట్టం మూతికి బంగాళదుంపను బిగించి, గొట్టం వెనుక భాగంలోని అరలో హెయిర్ స్ప్రే కొట్టి, నిప్పురవ్వ రాజేసి పొలం అవతలికి విసరడం అమెరికాలో ఎప్పటినుంచో ఉన్న సరదా. ఆ వీడియోలు చూసిన మన పిల్లలు అలాంటిది తామూ చేస్తామని అడుగుతున్నారు. పెద్ద ఫిరంగి పని చేసే సూత్రాన్ని ప్రమాదం లేకుండా చేతిలో చూపించే చిన్న తుపాకీ ఒకటుంది. దాన్ని ఎలా చేయాలో ముందు చెప్పి, పెద్దదాన్ని ఎందుకు చేయకూడదో, చట్టం ఏమంటుందో తరువాత వివరిస్తాను.

దీనికి కావలసినవి రెఫిల్ తీసేసిన ఒక పెన్ను గొట్టం, అందులో వదులుగా దూరే వెదురు పుల్ల, ఒక గట్టి బంగాళదుంప, కాస్త సెల్లోటేపు. గొట్టం రెండు వైపులా తెరిచి ఉండాలి, లోపలి వ్యాసం 6 మిల్లీమీటర్ల దాకా ఉంటే చాలు. చాలా పెన్నులకు పక్కన సూది మొనంత రంధ్రం ఒకటి ఉంటుంది. దాన్ని టేపుతో మూయకపోతే గాలంతా అందులోంచే పోతుంది. మొదటిసారి నేను ఆ రంధ్రాన్ని గమనించక అరగంట సేపు దుంపనే తప్పుపట్టాను.

దుంపను సెంటీమీటరు మందాన బిళ్లలుగా కోసి చెక్కపలక మీద పెట్టాలి. గొట్టం ఒక కొసను బిళ్లలోకి నిటారుగా గుచ్చి, కొద్దిగా తిప్పి పైకి తీస్తే, గొట్టం కొలతకు సరిగ్గా సరిపోయిన దుంప బిరడా లోపల ఉండిపోతుంది. రెండో కొసనూ అలాగే గుచ్చితే, రెండు బిరడాల మధ్య గాలి బందీ అవుతుంది. తోలు ముడతలు పడిన పాత దుంప మెత్తబడి గాలిని వదిలేస్తుంది కనుక, కోసినప్పుడు కరకరమనే తాజా దుంపనే ఎంచుకోవాలి. పుల్లకు గొట్టం పొడవు కంటే ఒకటిన్నర సెంటీమీటరు తక్కువ దూరంలో దారం చుట్టి అడ్డుగా కట్టాలి. అప్పుడు వెనుక బిరడా మూతి దగ్గరే ఆగి, తరువాతి సారికి అదే ముందు బిరడా అవుతుంది. ప్రతిసారీ వెనుక మరొకటి గుచ్చుకుంటే సరిపోతుంది.

గొట్టాన్ని ఖాళీ గోడ వైపు పెట్టి, పుల్లను ఒక్క ఊపున నెట్టాలి. ముందు బిరడా ఠప్పుమని ఎగిరిపోతుంది. అదే పుల్లను నెమ్మదిగా నెడితే ఎక్కడో ఒకచోట గాలి సన్నగా జారిపోయి, బిరడా నీరసంగా కింద పడుతుంది. పిల్లలకు రెండూ చేసి చూపించాలి. ఆట అయ్యాక గొట్టాన్ని వెంటనే నీళ్లతో కడగాలి, లేకపోతే దుంపలోని పిండి ఎండి గొట్టం బిగుసుకుపోతుంది. ఎంత చిన్నదైనా ముఖానికి గురిపెట్టకూడదన్న నియమం మొదటి రోజే పెట్టాలి, కళ్లద్దాలు పెట్టుకుంటే ఇంకా మంచిది.

ఇందులో జరుగుతున్నది 1662లో శాస్త్రవేత్త రాబర్ట్ బాయిల్ ప్రకటించిన నియమమే. వేడి మారనప్పుడు, బందీ అయిన గాలి పరిమాణం సగమైతే దాని పీడనం రెట్టింపవుతుంది. బిరడాల మధ్య 11 సెంటీమీటర్ల గాలి ఉంటే, వెనుకది అయిదున్నర సెంటీమీటర్లు ముందుకు జరిగేసరికి ముందు బిరడా మీద బయటికంటే ఒక వాతావరణ పీడనం అదనంగా పడుతుంది. 6 మిల్లీమీటర్ల గొట్టంలో అది దాదాపు 300 గ్రాముల బరువు మోపినంత బలం. రాపిడి అంతకుమించి ఆపలేకపోతే బిరడా కదులుతుంది. సెంటీమీటరు మందమున్న బిరడా గొట్టం నుంచి బయటపడే ఆ సెంటీమీటరు ప్రయాణంలో దానికి దక్కే శక్తి, శక్తిని కొలిచే ప్రమాణమైన జౌళ్లలో చెబితే, 0.03కు మించదు. ఇదే సూత్రంతో చేసిన వెదురు తుపాకీలను బస్తర్‌లోని జగదల్‌పూర్‌లో గోంచా పండుగనాడు చూడవచ్చు. జగన్నాథుడి రథయాత్ర సందర్భంగా జరిగే ఆ పండుగలో తుప్కి అనే గొట్టంలో చిన్న అడవికాయలు పెట్టి పేలుస్తారు.

పెద్ద ఫిరంగిలో మారేది సూత్రం కాదు, గొట్టంలో నిలవ చేసే శక్తి. ఒక రకంలో పంపుతో గాలిని తొట్టిలో కుక్కి వాల్వును ఒక్కసారిగా తెరుస్తారు. మరో రకంలో మండే వాయువును గాలితో కలిపి రాజేస్తే, వేడెక్కిన వాయువులు దుంపను తోసేస్తాయి. 150 గ్రాముల దుంప సెకనుకు 40 మీటర్ల వేగంతో బయటపడితే దాని శక్తి 120 జౌళ్లు, అంటే మన పెన్ను తుపాకీ బిరడాకు నాలుగు వేల రెట్లు.

అంతకంటే పెద్ద ప్రమాదం గొట్టంలోనే ఉంది. పీవీసీ గొట్టం మీద ముద్రించిన పీడనం నీటి కోసం లెక్కగట్టినది. నీరు దాదాపుగా నొక్కుకుపోదు కనుక గొట్టం పగిలితే చిమ్మి ఆగిపోతుంది. నొక్కి ఉంచిన గాలి మాత్రం స్ప్రింగులా శక్తిని దాచుకుని, పగిలిన క్షణాన మొత్తం విడుదల చేస్తుంది. పీవీసీ సాగదు, పెంకుల్లా పగులుతుంది, ఆ పెంకులు ఒంట్లో దిగబడితే ఎక్స్‌రేలో సరిగా కనిపించవు. ఎండలో ఉంచిన గొట్టం బలం ఇంకా తగ్గుతుంది. అతికిన చోట గమ్ము ఎంత బాగా పట్టిందో బయటినుంచి ఎవరూ చెప్పలేరు.

మన దగ్గర దీనికి చుట్టమైనది కార్బైడ్ గన్. కోతుల బెడద, అడవి పందుల బెడద ఉన్న రైతులు చప్పుడు కోసం వాడే ఈ గొట్టంలో కాల్షియం కార్బైడ్‌కు నీరు తగిలి ఎసిటిలీన్ పుడుతుంది. ఎసిటిలీన్ గాలిలో 2.5 శాతం ఉన్నా, 80 శాతం ఉన్నా అంటుకుంటుంది, అందువల్ల ఎప్పుడు పేలుతుందో అంచనాకు అందదు. రవ్వ వేసినా పేలకపోతే, ఏమైందోనని గొట్టంలోకి తొంగిచూడటం మనిషి సహజ గుణం. లోపల వాయువు ఊరుతూనే ఉంటుంది కనుక సరిగ్గా అప్పుడే అది పేలుతుంది. 2025 దీపావళికి భోపాల్‌లోనూ మధ్యప్రదేశ్‌లోని ఇతర చోట్లా వందమందికి పైగా, ఎక్కువగా పిల్లలు, వీటివల్ల కంటి గాయాలతో ఆసుపత్రుల పాలయ్యారు. మంటకు తోడు, మిగిలే సున్నం కూడా కంటిని కాలుస్తుంది. అలా జరిగితే నలపకుండా ధారగా మంచినీళ్లతో కనీసం పావుగంట కడుగుతూ, వెంటనే కంటి ఆసుపత్రికి తీసుకెళ్లాలి. కంట్లో ఏదైనా గుచ్చుకుని ఉంటే దాన్ని లాగకూడదు, కంటిని నొక్కకూడదు.

చట్టం విషయానికొస్తే, 1959 నాటి ఆయుధాల చట్టం పేలుడు పదార్థంతో గానీ, మరే ఇతర శక్తితో గానీ ఏ రకమైన వస్తువునైనా విసిరేలా రూపొందించిన ఆయుధాన్ని తుపాకీగానే చూస్తుంది. దుంపకు అందులో మినహాయింపు లేదు. ఆటవస్తువుగా తప్ప మరోలా వాడలేనివి ఆ చట్టం పరిధిలోకి రావు, పెన్ను తుపాకీకి ఆ రక్షణ ఉంది. 2016 నాటి నియమాలు గాలి తుపాకులకు 20 జౌళ్ల హద్దు పెట్టాయి, 120 జౌళ్ల ఫిరంగి అందుకు ఆరు రెట్లు. లైసెన్సు లేకుండా తుపాకీ తయారు చేస్తే, 2019 సవరణ తరువాత కనీస శిక్ష ఏడేళ్లు. ఎవరికైనా గాయమైతే భారతీయ న్యాయ సంహిత 125వ సెక్షన్ కూడా ముందుకొస్తుంది. సరదాకి చేశామన్న మాట స్టేషన్‌లో ఎంతవరకు నిలుస్తుందో పరీక్షించి చూడమని నేనెవరికీ చెప్పను.

అమెరికాలో స్థిరపడిన మనవాళ్ల లెక్క వేరు. అక్కడి 1934 నాటి కేంద్ర చట్టం లోపలి వ్యాసం అర అంగుళానికి మించిన గొట్టాలున్న ఆయుధాలను కట్టడి చేసినా, కేవలం వినోదానికి దుంపలు విసిరేవాటిని ఆయుధాల వ్యవహారాలు చూసే అక్కడి కేంద్ర సంస్థ సాధారణంగా ఆయుధాలుగా లెక్కించదు. ఆయుధంగా వాడితే మాత్రం లెక్క మారుతుంది. రాష్ట్రానికో చట్టం, ఊరికో నిబంధన ఉన్నాయి కనుక, పెరట్లో పేల్చేముందు తమ నగర నిబంధనలు చదువుకోవాలి.

ఇంట్లో ఇప్పటికే కార్బైడ్ గడ్డలు మిగిలి ఉంటే వాటిని కాలువలోనో, చెత్తకుండీలోనో పడేయకూడదు, తడి తగిలిన చోటల్లా వాయువు పుడుతుంది. గాలి చొరని పొడి డబ్బాలో పెట్టి, కార్బైడ్‌తో పని చేసే గ్యాస్ వెల్డింగ్ షాపువారికి అప్పగిస్తే వారు తమ పనికి వాడుకుంటారు.