బెంగాలీలో సొంతంగా సినిమా తీయాలంటే లెక్క చివర్నుంచి మొదలుపెట్టండి

చిన్న సినిమాలు ఎక్కువగా ఆగిపోయేది షూటింగ్‌లో కాదు, ఎడిటింగ్ అయ్యాక. అందుకే చేతిలో ఉన్న డబ్బులో మూడో వంతు ముందే తీసి పెట్టండి: సౌండ్, రంగులు సరిదిద్దే కలర్ పని, డీసీపీ (థియేటర్లో వేసే డిజిటల్ ప్రతి), సబ్‌టైటిల్స్, సెన్సార్, ఫెస్టివల్ ఫీజులు. మిగిలిన దానికి సరిపడే కథే రాసుకోండి. ఆదిత్య విక్రమ్ సేన్‌గుప్తా తొలి సినిమా 'ఆశా జావార్ మాఝే' (2014) దాదాపు ఇద్దరు మనుషుల మీదే నడుస్తుంది, సంభాషణల్లేవు. అయినా వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్ దాకా వెళ్లింది. మాటల్లేకపోతే చవకనుకునేరు, అలాంటి సినిమాకు సౌండ్ పని రెట్టింపవుతుంది.

ఋతువును నమ్ముకున్న సీను ఒక్క విడతలో ముగించాలి. 'పథేర్ పాంచాలి'లో రెల్లుపూల సీను కొంత తీసి, వారం తర్వాత వెళ్లేసరికి పూలన్నీ పశువులు మేసేశాయి. సత్యజిత్ రాయ్ మరుసటి ఏడాది పూతదాకా ఆగారు. మీ సీనులో పిల్లలుంటే ఈలోపు వాళ్లు ఎదిగిపోతారు.

కెమెరా సెకనుకు 24 ఫ్రేముల్లోనే పెట్టండి. 25లో తీసి డీసీపీ కోసం 24కి దించితే నిడివి 4 శాతం పెరుగుతుంది, సరిచేయకపోతే గొంతులు బరువెక్కుతాయి. మన కరెంటు 50 హెర్ట్జ్. 180 డిగ్రీల షట్టర్‌తో, అంటే ఒక్కో ఫ్రేముకు సెకనులో 48వ వంతు వెలుగు పడేలా, పాత ట్యూబ్‌లైట్ కింద తీస్తే వెలుగు కొట్టుకుంటుంది, 172.8 డిగ్రీలు, అంటే సెకనులో 50వ వంతు పెడితే ఆగుతుంది. కోల్‌కతా ఉక్కలో ఎవరూ ఒప్పుకోరుగానీ, టేక్ సాగినంతసేపూ సీలింగ్ ఫ్యాన్ ఆపించాల్సిందే. లేకపోతే ప్రతి కట్ దగ్గరా ఆ హోరు ఎగిరిపడుతుంది. ఎడిటింగ్‌లో కట్‌ల మధ్య అతకడానికి ప్రతి గదిలోనూ ఒక నిమిషం ఖాళీ నిశ్శబ్దం రికార్డు చేసుకోండి.

స్క్రిప్టు దశలో సినిమాలకు సాయం చేసే రాటర్‌డామ్ ఫిల్మ్ ఫెస్టివల్ వారి హ్యూబర్ట్ బాల్స్ ఫండ్‌కూ, గోవాలో ఇఫీ (భారత అంతర్జాతీయ చలనచిత్రోత్సవం) సమయంలో ప్రభుత్వ సంస్థ ఎన్‌ఎఫ్‌డీసీ నడిపే ఫిల్మ్ బజార్ (ఇప్పుడు వేవ్స్ ఫిల్మ్ బజార్) కో-ప్రొడక్షన్ మార్కెట్‌కూ, అంటే సహ నిర్మాతలను వెతుక్కునే చోటుకూ, దరఖాస్తు చేయండి. రఫ్ కట్ (తొలి ఎడిటింగ్ ప్రతి) చేతికొచ్చాక అక్కడి వర్క్-ఇన్-ప్రోగ్రెస్ ల్యాబ్‌కు పంపవచ్చు.

పెద్ద ఫెస్టివల్స్ తొలి ప్రదర్శన తమ దగ్గరే కావాలంటాయి. తొందరపడి ఏదో చిన్న ఆన్‌లైన్ వేడుకలో చూపించేస్తే ఆ తలుపులు మూసుకుంటాయి. ముందు పెద్దవాటి జవాబులు రానివ్వండి, ఆ తర్వాతే మిగతావి. థియేటర్ విడుదలకు సెన్సార్ తప్పదు, కోల్‌కతాలోనే ప్రాంతీయ కార్యాలయం ఉంది. మల్టీప్లెక్స్‌లో మధ్యాహ్నం ఒక్క ఆట దొరికి వారానికే పోవడం కన్నా, ప్రభుత్వ థియేటర్ 'నందన్'లో నిలకడగా ఆడటం మేలు.

ఫెస్టివల్‌లో కలిసే నిర్మాతలు మొదట అడిగేది తర్వాతి సినిమా గురించే. ఆ స్క్రిప్టు అప్పటికే సంచిలో ఉండాలి. అది బెంగాలీయే కానక్కర్లేదు. డాక్యుమెంటరీల నుంచి వచ్చిన గౌతమ్ ఘోష్ తొలి కథాచిత్రం మన 'మా భూమి'. మృణాల్ సేన్ 1977లో 'ఒక ఊరి కథ' తీశారు. ఇలా వేరే భాషలోకి వెళ్తే, ఆ భాషలో మాటలు రాసేవారిని స్క్రిప్టు మొదలైన రోజు నుంచే వెంట ఉంచుకోండి. షూటింగ్ ముందు రాత్రి అనువాదం చేయించిన డైలాగు నటుడి నోట పలకదు.